చెంబెత్తి నిలబడే రిసీవరుగారు

ఉదయగిరిలో అన్నదమ్ములు ఆస్తికి కొట్లాడుకుంటే, తగువు తెగేదాకా ఆస్తిని చూసుకోమని కోర్టు ఒక రిసీవరును పెట్టింది. ఏడడుగుల మనిషి. ఆయన దగ్గితే దుర్గం మీద రాళ్లు దొర్లేవి. సరే, పొట్టివాడే. దగ్గు మాత్రం నిజం.

ధాత నామ సంవత్సరం కరువులో ఆ ఆస్తి తాలూకు బావిని పక్క రైతు కంప కొట్టి ఆక్రమించినాడు. ఆ నీళ్లే దిక్కయిన ముసలి కౌలుదారు అవ్వ రిసీవరుగారి గడపలో కూలబడింది.

"వాడి మీద దావా వెయ్యి నాయనా, గొంతు తడారిపోతా ఉండాది."

"కోర్టు సెలవియ్యందే నేను వేసిన దావా చెల్లదవ్వా."

"దప్పిక్కూడా సెలవు అడగాల్నా?"

ఆయన ఆత్మకూరు కోర్టుకు నడిచిపోయి, అక్కడే పడిగాపులు పడి సెలవు తెచ్చినాడు. అప్పటికే అవ్వను పూడ్చేసినారు.

ఆనాటి నుంచి ఆయన నీళ్లు తాగబోయే ముందు చెంబెత్తి, అవ్వ ఉండిన గుడిసె వైపు తిరిగి "సెలవా అవ్వా?" అని అడిగేవాడు. "తాగు నాయనా" అని లోపలి నుంచి అవ్వ పలికేదనీ, నేను చెవులారా విన్నాననీ ఊరంతా చెప్పినాను.

అదీ కోతే. ఎవరూ పలకలేదు. ఆయన చాలాసేపు చెవి ఒగ్గి నిలబడి, చెంబు అట్లే దించేసేవాడు.