ఆ నీళ్ళు ఎప్పటివో చెప్పిన మనిషి

మా చిన్నాయన పోయిన కబురు ఎమ్మిగనూరు బస్సులో వచ్చింది. ఆదోని స్టాండులో డ్రైవరు నన్ను పక్కకు పిలిచి, "తెర పక్కాయన పోయినాడప్పా" అన్నాడు. పేరు చెప్పనక్కరలేకపోయింది.

ఊరూరా తిరిగే డేరా సినిమాలో అసలు కథకు ముందు వేసే వార్తా చిత్రాలు తెలుగులో ఉండేవి కావు. చిన్నాయన తెర పక్కన నిలబడి వాటిని మా మాటలో చెప్పేవాడు. ఎడమ మూల ఆయన భుజం నీడ బొమ్మ మీద పడేది. "జరుగు సామీ, సగం దేశం నీ ఎనకాలే ఉండాది" అని జనం ఎగతాళి చేసేవారు. ఆ రీళ్ళు నగరాలన్నీ తిరిగి, గీతలు పడి, ఏళ్ళు గడిచాక గానీ మమ్మల్ని చేరేవి కావు. అందుకే, అవి ఎప్పటివో చెప్పాకే ఆయన మిగతాది మొదలుపెట్టేవాడు.

దాన్ని చాదస్తమన్నవారున్నారు. వారితో వాదించే ఓపిక నాకు ఇవాళ లేదు. నేనే ఆయనతో ఎంతో వాదించాను. "కళ్ళెదుట కనిపించేదానికన్నా సాక్ష్యమేముంది చిన్నాయనా?" అంటే తువ్వాలుతో మెడ తుడుచుకుని, "బొమ్మ అబద్ధం సెప్పదురా. ఎప్పటిదో సెప్పదు, అంతే. నువ్వు ఇంగ్లీషులో అరిసినా సెప్పదు" అనేవాడు.

వానలు తప్పిన ఏడు డేరా కోసిగిలో ఉంది. వలస కూలికి, అక్కడివారి మాటలో సుగ్గికి, మూటలు కట్టుకున్న కుటుంబాలు ఆ రోజు ఆటకు వచ్చాయి. వచ్చిన రీలులో ఎక్కడో ఆనకట్ట, నిండు కాలువ. జనం వెళ్ళిపోతే డేరా ఖాళీ అని యజమానికి దిగులు. "పాతదనొద్దు. మన కాలువకు నీళ్ళొచ్చినాయని సెప్పు, ఆగుతారు. పాతదంటివా, రేపటినుంచి రావాకు" అని ముందే హెచ్చరించాడు.

తెర మీద నీళ్ళు కనబడగానే ఈలలు. ఒకామె లేచి, "అన్నా, మన కాలువేనా? మూటలిప్పేదా?" అని అడిగింది.

చిన్నాయన తువ్వాలుతో మెడ తుడుచుకున్నాడు. తరువాత, "పాత నీళ్ళమ్మా. మనవి గావు. పోయేవాళ్ళు పోండి" అన్నాడు.

"నీ నోట్లో మన్ను పడ! ఒక్క గడియ సూడనియ్యవా?" అని ఎవరో అరిచారు.

మర్నాడు మూటలు రైలెక్కాయి. చిన్నాయన పని పోయింది. కొన్నాళ్ళకు ఎమ్మిగనూరులో "ఆయన యాడ?" అని జనం గోల చేస్తే యజమాని మళ్ళీ పిలవక తప్పలేదు. ఆ ఏడు చినుకు రాలలేదు. సుగ్గి నుంచి తిరిగొచ్చిన ఆ కోసిగామె ఆయన్ని చూసి, "నిన్ను తిట్టినోడు గూడా బతికొచ్చినాడన్నా" అని నవ్వింది.

కర్మకాండ ముగిశాక నిన్న డేరాకు వెళ్ళాను. ఏదో పాత రీలు. మళ్ళీ ఒక కాలువ. ముందు వరుసలో ఒక ముసలాయన అలవాటుగా ఎడమ మూలకు తిరిగి, "ఎప్పటివప్పా ఈ నీళ్ళు?" అని అడిగాడు.

భుజం నీడ పడే ఆ మూలలోనూ నీళ్ళే పారుతున్నాయి.