బాణం కింది చుక్క

పన్నెండేళ్లుగా ఒక చుక్కను మోస్తున్నాను. నవ్వకండి. పెన్ను మొన ఆనిస్తే పడేంత చుక్క, అంతకంటే పెద్దది కాదు. మీరెవరో నాకు తెలియదు, నేనెవరో మీకు చెప్పను. ఇలాగైతేనే నా నోరు పెగులుతుంది.

వరంగల్‌లో కాలువల పనులు చూసే ఒక సర్కారు ఆఫీసులో నేను డ్రాఫ్ట్స్‌మన్‌ని, అంటే నక్షాలు గీసేవాణ్ణి. స్వరూప అక్కడే అటెండరు. నెక్కొండ నుంచి రోజూ రైల్లో వచ్చేది. ఫైళ్లు మోయడానికి పెట్టుకున్న మనిషి నా బల్ల పక్కన నిలబడి, చూసి చూసి గీత నేర్చుకుంది. రెండేళ్లలో నాకంటే శుభ్రంగా గీసింది. అబద్ధమెందుకు, మొదటి ఏడాదిలోనే. పోను పోను సగం నక్షాలు ఆమే గీసేది.

నక్షా కింద మూలన ‘గీసినవారు’ అని ఒక గడి ఉంటుంది. అందులో అటెండరు సంతకం ఉంటే పై ఆఫీసు తిప్పి పంపుతుంది. అందుకని ఆమె గీసేది, నేను సంతకం పెట్టేవాణ్ణి. మా సెక్షన్‌లో అది మామూలే. ఆమె మాత్రం తను గీసిన ప్రతి నక్షాలో ఉత్తర దిక్కు చూపే బాణం కింద ఓ చిన్న చుక్క పెట్టేది. ఎందుకని అడిగితే నవ్వి ఊరుకునేది.

పదిహేనేళ్లయ్యాక స్వరూప కోర్టుకెళ్లింది. చేసింది డ్రాఫ్ట్స్‌మన్ పని, ఆ గ్రేడూ ఆ జీతమూ ఇప్పించమని కేసు. ఆమె చేతిలో ఉన్న రుజువు ఆ చుక్క ఒక్కటే. ఏ నక్షా ఎవరు గీశారో రాసివ్వమని ఆఫీసు నన్ను అడిగింది.

ఆ మధ్యాహ్నం ఇద్దరం టిఫిన్ డబ్బాలు విప్పుకుని కూర్చున్నాం.

“అన్నా, నువ్వు గీసినయి నువ్వే గీసినవని రాయి. నేను గీసినయి నేను గీసిన్నని రాయి. గంతే. జీతం ఒక్కటే కాదన్నా. రేపు అటెండర్‌గనే రిటైరైతే, నేను గీసిన కాలువలన్ని ఎవలియి?”

“ఫికర్ చెయ్యకు స్వరూపా. ఉన్నదే రాస్త,” అన్నాను.

తన డబ్బాలోని బెండకాయ కూర సగం నాకు వేసింది. తిన్నాను.

మర్నాడు రాసిచ్చాను. నక్షాలన్నీ నేనే గీశాను, బాణం కింద చుక్క పెట్టడం నా అలవాటు, అని.

ఎవరైనా బెదిరించారా? లేదు. మా ఆఫీసరు కూడా ఉన్నది రాయండి అని మాత్రమే అన్నాడు. వేరేవాళ్ల పనికి సంతకాలు పెట్టానని తెలిస్తే మెమో వస్తుందని భయపడ్డానని చాలా ఏళ్లు నాకు నేనే చెప్పుకున్నాను. మెమో భయం నిజమే, కానీ దానికంటే లోపల ఇంకొకటి ఉంది. డిప్లొమా చదివి నేను కూర్చున్న కుర్చీ పక్కన, పదో తరగతి చదివి ఫైళ్లు మోసిన మనిషికి అదే కుర్చీ వేస్తే నేనేమైపోవాలి? ఇంత చిన్నబుద్ధి నాకెక్కడిది? ఆమె కూర తిన్న చేత్తోనే ఎలా రాశాను?

కేసు కొట్టేశారు. నేను రాసిచ్చిన కాగితం నకలు ఆమెకూ అందింది. మర్నాడు వచ్చి నా బల్ల మీద ఫైలు పెట్టి, “సార్, ఫైలు,” అంది. అంతే. తిట్టలేదు, ఏడవలేదు. అన్నా అన్న పిలుపు మళ్లీ వినలేదు. ఆ రోజు నుంచి మధ్యాహ్నం డబ్బా ఒక్కణ్ణే తిన్నాను.

అలవాటని రాసిచ్చాక పెట్టకపోతే ఎలా? అప్పట్నుంచి నేను గీసిన ప్రతి నక్షాలో బాణం కింద చుక్క పెట్టాను, రిటైరయ్యేదాకా. స్వరూప ఉద్యోగంలో ఉన్నన్నాళ్లూ ఆ నక్షాలను ఆఫీసరు గదికి మోసుకెళ్లింది తనే. ఒక్కసారీ కాగితం వైపు చూడలేదు. చూసి ఉంటే బాగుండేదని ఇప్పుడనిపిస్తోంది.

ఆమె అటెండరుగానే రిటైరైంది. సన్మానం రోజు నేను సెలవు పెట్టాను. మా ఆవిడకు చెబుదామని ఎన్నిసార్లో అనుకున్నాను. చెప్పకముందే ఆవిడ చనిపోయింది. మడికొండలో కొత్త ఫ్లాటు, మూడు గదులు, నేనొక్కణ్ణే. టీవీ పెట్టుకుంటాను, చూడను. నెక్కొండ ఎంత దూరం? రైలెక్కితే గంట పట్టదు. స్టేషన్ దాకా రెండుసార్లు వెళ్లి టికెట్ కొనకుండా తిరిగొచ్చాను. వెళ్లి ఏమనాలి? ఆమె అడిగిన ఒక్క మాట అప్పుడే రాయనివాణ్ణి.

క్షమించమని మిమ్మల్ని అడగడం లేదు. అది మీ చేతిలో లేదు. ఆ మాట ఎక్కడో ఒకచోట నా చేత్తో రాసి ఉండాలి, అంతే.

ఆ కాలువలు గీసింది స్వరూప. చుక్క ఆమెది. నేను సంతకం పెట్టాను.