అడుగున్నర లోతు

థేమ్స్ ఒడ్డున ముప్పయ్యేళ్లు ఓక్ చెక్కతో యుద్ధనౌకలు కట్టినవాడు ఎఫ్రాయిమ్ టట్టెల్. ఇనుప ఓడల కాలం రాగానే, యాభై దాటాక, బాడిసె పక్కన పెట్టి కొత్త పని నేర్చుకున్నాడు. కవచపు పలకల వెనక టేకు దిమ్మలు బిగించేవాడు. ఎన్ని అడుగులు మునిగిందో తెలిపే అంకెలు ఓడ ముక్కు మీద రాసేవాడు.

1869లో కట్టిన ఓడకు జానెడు మందం కవచం, తిరిగే ఫిరంగి గదులు రెండు, వాటిపైన మూడు తెరచాప స్తంభాలు. ఫిరంగులు, బొగ్గు ఎక్కించాక ఎఫ్రాయిమ్ చిన్న పడవలో వెళ్లి చూశాడు. ఇరవై అయిదడుగులు మునగాల్సింది, నీళ్లు ఇరవై ఆరున్నర అంకెను తాకుతున్నాయి. ఓడ డెక్కు పడవలోంచి చేతికందేంత కిందికి దిగిపోయింది. ఒడ్డుకొచ్చి ఆ మాట చెప్పాడు.

"ఓడలో తప్పేం లేదు, నీ అంకెలే తప్పు" అన్నాడు మేస్త్రీ క్రాడక్. "అన్నీ అడుగున్నర పైకి జరిపి రాయి."

"అంకె జరిపితే ఓడ లేస్తుందా అయ్యా?"

"రాయనంటావా? అయితే రేపట్నుంచి రాకు."

అతను రాయలేదు. నోవా పాస్క్ అనే రంగులవాడు రాశాడు.

ఎఫ్రాయిమ్ అల్లుడు జేబెజ్‌కు ఆ ఓడ మీదే ఫిరంగి పని.

"వెళ్లకురా. పెద్ద గాలి వస్తే అది పక్కకి ఒరిగి మళ్లీ లేవదు."

"పారిపోతే కొరడా దెబ్బలు తినేది నేను, నువ్వు కాదు మావయ్యా. అయినా నిన్న నేనే చూశాగా, నీళ్లు సరిగ్గా ఇరవై అయిదు మీదే ఉన్నాయి." జేబెజ్ నవ్వుతూ టీ తాగేశాడు. కూతురు కెజయా తండ్రి ముఖం చూసి రొట్టె కోయడం ఆపేసింది.

సెప్టెంబరులో ఐర్లండుకు పడమట గాలివాన కొట్టింది. ఓడ ఒరిగింది, ఇక లేవలేదు. నాలుగు వందల మందిలో పదకొండు మంది బతికారు. వాళ్లలో జేబెజ్ లేడు.

విచారణకు ఎవరూ పిలవకపోయినా ఎఫ్రాయిమ్ వెళ్లి, అంకెలు జరిపించారని చెప్పాడు.

"పని పోయిందన్న అక్కసుతో వాగుతున్నాడు" అన్నాడు క్రాడక్.

"నీ మాటకు సాక్ష్యం ఎవరు?" అని అధికారి అడిగాడు. అప్పుడు వెనక బెంచీ మీంచి పాస్క్ లేచాడు. టోపీ నలుపుతూ, క్రాడక్ వైపు చూపించి, "అంకెలు మార్చింది నేనేనండి. చెప్పింది ఈయనే" అన్నాడు.

క్రాడక్‌ను తీసేశారు. చలికాలంలో రేవు నుంచి ఎఫ్రాయిమ్‌కు మళ్లీ కబురొచ్చింది. మరో ఓడ సిద్ధమవుతోంది, దీని కవచం ఇంకా మందం.

"ఇంకా వెళ్తావా నాన్నా?" అంది కెజయా, సంతాపపు నల్లబట్టల్లో.

"నేను వెళ్లకపోతే ఇంకెవడో రాస్తాడమ్మా."

ఈసారి కుంచె ముట్టలేదు. ఉలీ సుత్తీ పట్టుకుని, ఒక్కొక్క అంకెనూ ఇనుములోకి లోతుగా చెక్కాడు.