ఆగని జీపు

నా చిన్నప్పుడు మెట్టుగూడలో మా గల్లీ మొదట్లోనే సారా దుకాణం ఉండేది. బడికి వెళ్ళాలంటే దాని ముందునుంచే నడవాలి. ఆడపిల్లలం తల దించుకుని, ఒకరి చెయ్యి ఒకరు గట్టిగా పట్టుకుని దాటేవాళ్ళం. దాన్ని తీయించడానికే గల్లీ ఆడవాళ్ళంతా కూడి మా నాన్నను కార్పొరేషన్ ఎన్నికల్లో నిలబెట్టారు. నాన్న ట్యూషన్లు చెప్పుకునే మనిషి. చేతిలో చిల్లిగవ్వ లేదు గానీ మంచి పేరుంది.

మొదట్లో అమ్మా నాన్నా ఇల్లిల్లూ నడిచి తిరిగారు. తర్వాత ఎక్కడో బయటి జిల్లా సేటు ఒకాయన జీపు, మైకు, పోస్టర్లు పంపించాడు. ఊరికే ఎవరిస్తారని అమ్మ అడిగింది. "మంచోళ్ళు గెలవాలని ఇస్తున్నడు, తప్పేంది?" అన్నాడు నాన్న. అడుసు తొక్కనేల, కాలు కడగనేల అని అమ్మ జీపెక్కలేదు. నేను మాత్రం ఎగిరి గంతేసి ముందు సీట్లో కూర్చున్నాను.

ఒక సాయంత్రం మా గల్లీ రాగానే నాన్న బండి ఆపమన్నాడు. డ్రైవర్ ఆపలేదు. "ఈడ దుకాణం మాట ఎత్తొద్దన్నడు సార్ సేటు. ఆయనవి సుత సారా కాంట్రాక్టులే గద," అన్నాడు. నాన్న ముఖంలో నెత్తురు చుక్క లేదు. పోటీ మానుకునే గడువు దాటిపోయింది. గోడల నిండా సేటు డబ్బుతో అచ్చయిన నాన్న ముఖమే ఉంది.

ఇంతలో ఆడవాళ్ళు జీపుకు అడ్డంగా నిలబడ్డారు. వాళ్ళలో అమ్మ కూడా ఉంది. "దుకాణం సంగతి జెర మైకుల చెప్పుండ్రి," అంది మెల్లగా. నాన్న మైకు నోటి దగ్గర పెట్టుకున్నాడు. ఆయన ఊపిరి మాత్రం గల్లీ అంతా వినబడింది.

అమ్మ నా వైపు చెయ్యి చాచింది. "దిగు బిడ్డా, నడిచి పోదాం." దిగాను. నాన్నను కూడా దిగమని ఏడ్చాను. ఆయన డ్రైవర్ వైపు చూశాడు. ఆడవాళ్ళే పక్కకు జరిగి దారి ఇచ్చారు, జీపు వెళ్ళిపోయింది.

నాన్న గెలిచాడు. దుకాణం అక్కడే ఉంది. పదవిలో ఉన్నన్నాళ్ళూ ఆయన ఆ దారి వదిలేసి, వెనక సందులోంచి చుట్టూ తిరిగి ఇంటికొచ్చేవాడు. ఆయన చెడ్డవాడు కాదు, నాకు అదే బాధ.

ఈ వయసులో కూడా ఎవరైనా ఊరికే బండి పెడతామంటే, నేను దిగాలన్న చోట ఆపుతారా అని ముందే అడుగుతాను. జవాబు రాకపోతే, ఈ నొప్పుల మోకాళ్ళతోనే నడిచి వెళ్తాను.