మైదానంలో కంచు గుర్రాన్ని దించిన రోజు

అరవైల చివర్లో కలకత్తా మైదానంలోని తెల్లదొరల విగ్రహాలను ఒక్కొక్కటిగా తీసేస్తున్నారు. ఊరు చూడటానికి వచ్చినవాళ్లు వాటి ముందు నిలబడి ఫొటోలు తీయించుకునేంత పేరున్న విగ్రహాలవి. అప్పట్లో నేను గార్డెన్ రీచ్ రేవులో రిగ్గర్ల జట్టుకు సర్దారును. రిగ్గర్ అంటే బరువుకు తాళ్లు కట్టి, క్రేన్‌తో ఎత్తించి, దెబ్బ తగలకుండా దించేవాడు. ఎనిమిది మందిమీ శ్రీకాకుళం వాళ్లమే. గుర్రం మీద కూర్చున్న దొర విగ్రహమొకటి మాకు అప్పగించారు.

ఇంజనీరు బెంగాలీ ఆయన. ఆయన కంటికి మేం బస్తాలు మోసేవాళ్లం, అంతే. విగ్రహం బరువు లెక్కగట్టి కాగితం మీద రాసిచ్చాడు. దాని ప్రకారమే గుర్రానికి స్లింగులు, అంటే కొక్కేనికి తగిలించే ఇనుప తీగల తాళ్లు, చుట్టాం.

మా రేవులో ఒక పద్ధతి ఉంది. ఎంత తెలిసిన బరువైనా ముందు జానెడు ఎత్తి ఆపుతాం. అది కదలకుండా నిలిచేదాకా ఎవరూ నోరెత్తరు. గుర్రాన్నీ అలాగే ఎత్తించాను. గాలి లేదు, తాళ్లు బిగువుగానే ఉన్నాయి. అయినా గుర్రం తల వంచడం, లేపడం మానలేదు.

"ఏటి మావా, ఇది ఊగడం ఆపదేటి?" అన్నాడు కింద తాడు పట్టుకున్న సింహాచలం. వరసకు నా మేనల్లుడు.

మళ్లీ దిమ్మె మీదకు దించెయ్యమని క్రేన్ డ్రైవర్‌కు చేయి చూపించాను.

ఇంజనీరు విసవిసా వచ్చాడు. "కీ హోలో సర్దార్? ఏమైంది, ఎందుకు దించావు?"

"లోపలేదో కదులుతోంది సాబ్," అన్నాను నాకొచ్చిన బెంగాలీలో.

"బోలు విగ్రహం. లోపల ఏముంటుంది? భయమైతే చెప్పు, రేపు వేరే జట్టును పిలుస్తాను."

ఎనిమిది ఇళ్ల తిండి ఆ మాట మీద ఉంది. కానీ పైకెత్తాక బరువు ఒక పక్కకు ఒరిగి స్లింగు జారితే, కింద ఉన్నది సింహాచలం. నాకు ఒళ్లు మండింది. "పిలుచుకోండి సాబ్. వాళ్లొచ్చేలోపు నన్ను చూసుకోనివ్వండి," అన్నాను.

దిమ్మె ఎక్కి సుత్తితో గుర్రాన్ని తడుతూ పోయాను. మెడ ఖంగుమంది. వీపు ఖంగుమంది. పొట్ట మాత్రం నిండు బానలా మొద్దుగా పలికింది. అక్కడే వెతికితే వేలు పట్టేంత కన్నం, మట్టితో పూడిపోయి కనిపించింది. ఇనుప ముల్లుతో పొడిచాను. పచ్చటి నీళ్లు నా మొహం మీదకు దూకాయి. జీను సందుల్లోంచి ఎన్ని వానాకాలాలు లోపలికి దిగాయో, సింహాచలం రెండు బీడీలు కాల్చేదాకా కారుతూనే ఉన్నాయి.

"గుర్రం ఉచ్చ పోత్తన్నాది మావా," అన్నాడు వాడు. జట్టంతా పగలబడి నవ్వింది. ఇంజనీరు నవ్వలేదు. బూట్లు తడుస్తున్నా పక్కకు జరగకుండా ఆ ధారనే చూస్తూ నిలబడ్డాడు.

మళ్లీ జానెడు ఎత్తాం. ఈసారి గుర్రం మేకు కొట్టినట్టు నిలబడింది. లారీలో దుంగల మీద దించితే, పైకెత్తిన ముందుకాలికి గీతైనా పడలేదు. దొర మీద నాకు ప్రేమేమీ లేదు, పని మీద ఉంది. ఆ రోజు నా జట్టును చూసి పొంగిపోయాను, దాచడమెందుకు.

కాగితం అబద్ధమాడలేదు. కంచు బరువు సరిగ్గానే చెప్పింది, నీళ్ల సంగతి దానికి తెలియదు. ఏ బరువునైనా చేత్తో తడిమి తెలుసుకున్నాకే నమ్మాలని నేను నేర్చుకున్నది అక్కడే. నేర్చుకున్నది నేనొక్కడినే కాదు.

తర్వాతి విగ్రహం దగ్గరికి ఇంజనీరు మళ్లీ కాగితంతో వచ్చాడు. బరువు రాయాల్సిన చోటు ఖాళీగా ఉంది. పెన్ను మూత తీసి పట్టుకుని, "ముందు నువ్వు తట్టి చూడు సర్దార్, నేను తర్వాత రాస్తాను," అన్నాడు.