అయస్కాంత అనువాద విశారదా

జర్మనీ నుంచి వస్తున్న రసాయన శాస్త్రవేత్తకి సన్మానపత్రం రాసిపెట్టమని మా మరిది అడిగినప్పుడు నేను గోంగూర వలుస్తున్నాను. తొంభైల చివరి మాట. అప్పుడు మేం బందరులో ఉండేవాళ్ళం. మరిది అక్కడి కాలేజీలో కెమిస్ట్రీ లెక్చరరు. అంతకుముందు ఏడాదిపాటు ఆ జర్మనీ ఆయన ల్యాబులో పనిచేసి వచ్చాడు. ఆయనేమో హైదరాబాదులో సదస్సుకి వస్తూ, శిష్యుడి ఊరు కూడా చూసి వెళ్తానన్నారట.

"బడి మొహం చూడనిదాన్ని, నాకెందుకయ్యా ఇది?" అన్నాను.

"కెమిస్ట్రీ నేను చెప్తా, తెలుగు మీరు చూసుకోండి వదినా. ప్రిన్సిపాల్‌గారికి మాటిచ్చేశాను. తెలుగు మాస్టారు అలిగి కూర్చున్నారు. 'నేనుండగా బడికెళ్ళని ఆవిడ రాయడమేంటి' అన్నారంట. ఒక్క తప్పు దొర్లినా స్టాఫ్‌రూములో నేను తలెత్తుకోలేను."

నాకు చదువు చెప్పింది తాతగారు. అవనిగడ్డ దగ్గర మా ఊళ్ళో, వసారాలో చాప మీద కూర్చోబెట్టి అక్షరం దిద్దించారు. అది ఆయన పెట్టిన భిక్ష. హంసలదీవి వేణుగోపాలస్వామికి మనసులోనే దణ్ణం పెట్టుకుని సరేనన్నాను.

మరిది పీట వాల్చుకుని పాఠం మొదలుపెట్టాడు. పాలిమర్ అంటే పొడుగాటి గొలుసులట. ప్లాస్టిక్కు, రబ్బరు, నైలాను వల, అన్నిట్లోనూ అవి పాయసంలో సేమ్యాల్లా చిక్కుపడి ఉంటాయట.

"ఆ సేమ్యా ఎటు మెదుల్తోందో కంటికి కనపడదు. పెద్ద అయస్కాంతంలో పెట్టి రేడియో తరంగం పంపుతాం. దాని శ్రుతికి కుదిరిన పరమాణువులు తిరిగి పలుకుతాయి."

"గంట కొట్టాక గర్భగుడి పలికినట్టా?"

"అదే వదినా. దాన్నే అనునాదం అంటారు."

ఆ జర్మనీ ఆయన తండ్రి రబ్బరు కర్మాగారంలో పనిచేసేవారట. ఆ వాసనంటే ఇష్టంతోనే ఈయన కెమిస్ట్రీలో చేరారట. ద్రవాలైతే చక్కగా పలుకుతాయి గానీ, గట్టి ప్లాస్టిక్ మాత్రం సంతలో గోలలా అంతా కలిపి ఒక్కటే రొద పెడుతుందట. ఆ రొద దగ్గరే ఈయన ముప్ఫై ఏళ్ళు కూర్చున్నారు. ముక్కని ఒక వాలులో పెట్టి గిర్రున తిప్పితే రొద తగ్గి ఒక్కో గొంతూ విడిగా వినపడుతుందట. ప్లాస్టిక్ బిందె ఎండకి ఎందుకు పెళుసవుతుందో అలా విని చెప్పేవారట.

"అయితే జీవితమంతా బొంగరం తిప్పారన్నమాట."

"ఆ మాట మాత్రం పత్రంలో పెట్టకండి."

సన్మానపత్రంలో ప్రతి పేరాకీ పైన ఒక సంబోధన ఉండాలి. 'పాలిమర్ పరిశోధక శిరోమణీ', 'శిష్యవత్సలా' అని ఎర్ర సిరాతో పెద్దక్షరాల్లో రాసుకుంటూ వెళ్ళాను. పటం కట్టి తెచ్చారు. సభలో బల్ల మీద ఆనించిన పటాన్ని ముందు వరసలోంచి మురిపెంగా చూసుకుంటుంటే మూడో సంబోధన కంట్లో పడింది. 'అయస్కాంత అనువాద విశారదా.'

అనునాదం రాయాల్సిన చేయి తనకి తెలిసిన మాట వైపు వెళ్ళిపోయింది. పత్రం చదవడానికి లేచినవారు చూస్తే సాక్షాత్తూ తెలుగు మాస్టారు. మరిది కూడా అప్పుడే చూసినట్టున్నాడు, తల వంచేసుకున్నాడు.

మాస్టారు మంచి గొంతుతో చదువుతూ వచ్చి అక్కడ ఆగారు. కళ్ళజోడు మీదుగా నన్నొకసారి చూశారు. తర్వాత గొంతు సవరించుకుని, "అయస్కాంత అణువాద విశారదా" అని, 'ణ' మీద నాలుక గట్టిగా మడిచి, చదివేశారు. హాలంతా చప్పట్లు. జర్మనీ ఆయన లేచి అందరికీ నమస్కారం పెట్టారు.

నాకు లోపల్నించి నవ్వు తన్నుకొస్తోంది. ఎవరికీ తెలియలేదు కదా అని ఊరుకోబుద్ధి మాత్రం కాలేదు. సభ అయ్యాక, లడ్డూలు పంచేచోట మాస్టారి దగ్గరికి వెళ్ళాను.

"మాస్టారూ, పత్రంలో తప్పు రాశానండి."

ఆయన చుట్టూ చూసి గొంతు తగ్గించారు. "తెలుసమ్మా. 'ణ' బదులు 'న' పడింది. నేను సర్దేశాగా, ఎవరితోనూ అనకు."

నా తప్పు పట్టుకుంటారని వారం రోజులుగా భయపడింది ఈయనకే. తప్పు కనపడగానే ఆయన చేసింది దాన్ని దాచడం. చేతులెత్తి దణ్ణం పెట్టాలనిపించింది. కానీ నిజం చెప్పక తప్పలేదు.

"అదీ కాదండి. అనునాదం. 'వా' కాదు, 'నా'."

మాస్టారి చేతిలో లడ్డూ అలాగే ఉండిపోయింది. "మరి నేను చదివిందో?"

"అదీ తప్పేనండి," అని మరిది వెనకనించి అందించాడు. ముందు మాస్టారికి నవ్వొచ్చింది, ఆ తర్వాత మా ఇద్దరికీ. నాకైతే కొంగు నోట్లో కుక్కుకున్నా ఆగలేదు.

సంగతేంటని జర్మనీ ఆయన అడిగితే మరిది మూడు మాటలూ విడమరిచి చెప్పాడు. అప్పుడాయన నవ్విన నవ్వుకి అటెండర్లు సైతం తొంగిచూశారు. పటం ఇవ్వండి, దిద్దిస్తానన్నాను. ఆయన దాన్ని చంకలో పెట్టుకుని ఒకడుగు వెనక్కి వేశారు. ప్లాస్టిక్ ఏమంటోందో మనుషుల భాషలో చెప్పడమే తన పనని, దిద్దొద్దని మరిది చేత చెప్పించారు.

మాస్టారు చెయ్యి తుడుచుకుని మరిది భుజం తట్టారు. "వచ్చే ఏడు వార్షికోత్సవ పత్రం మీ వదినగారే రాయాలోయ్. చదవడం నాది. కాకపోతే, ఆ కెమిస్ట్రీ పాఠమేదో ముందు నాకూ చెప్పు."