అద్దం ఎత్తిపట్టుకున్న మామ

సూరత్‌లో మేం పెరిగిన ఆ రోజుల్లో ఎవరైనా చిన్నగా మాట్లాడితే ఒంట్లో బాగాలేదేమో అనుకునేవాళ్లం. మగ్గాల చప్పుడు మధ్య మాటలు నేర్చిన గొంతులు మావి. (మా అత్త ఇంట్లో ఉప్పు అడిగితే పొరుగింటివాళ్లు తెచ్చిచ్చేవాళ్లు.) మా గుసగుస మామూలు మనుషుల అరుపుతో సమానం. కరోనా వచ్చి మగ్గాలన్నీ ఆగి, మేముండే పాండేసర సందులు మూగబోయాయి గానీ, ఆ సంగతి మా గొంతులకు ఎవరూ చెప్పలేదు.

అప్పుడు నేను మా మేనమామ దగ్గర పని నేర్చుకుంటున్నాను. మామ మగ్గాలు బాగుచేసే మిస్త్రీ. ఆయన కూతురంటే నాకు ప్రాణం, ఆమెకూ నేనంటే ఇష్టమే. ఇక మామను అడగాలి, అంతే. ఆ ‘అంతే’ దగ్గరే ఏడాదిగా ఆగిపోయాను. ఎప్పుడు అడుగుదామన్నా ఆయన చేతిలో పానా ఉండేది. (పానా పట్టుకుంటే మామ ఉన్నదానికన్నా పొడుగ్గా కనిపించేవాడు.)

జనాన్ని బయట తిరగనివ్వడం మొదలైన కొత్తలో, మామ పనిచేసే మగ్గాల ఓనరు శేఠ్ ఫోన్ చేశాడు. వాళ్ల ఫ్లాట్‌లో స్నానం చేసేచోట ఉన్న, పక్కకి జరిపే అద్దాల తలుపుకు చక్రాలు అరిగిపోయాయట, కదలనంటోందట. కొత్త చక్రాలు తెప్పించి ఉంచాడు. ఆయన దృష్టిలో తిరిగేదేదైనా మా మామ పనే. అక్కడికి వెళ్లాక ఆ తలుపును మామ కింది నుంచి మీది దాకా చూశాడు.

“తానం జేసేటోన్ని అద్దంల వెట్టి సూపుడేందిరా, మిఠాయి దుకాణం లెక్క” అన్నాడు.

ఇద్దరం కలిసి తలుపును పైపట్టాలోంచి దింపి, దుప్పటి మీద పడుకోబెట్టి, పాత చక్రాలు ఊడదీసి కొత్తవి బిగించాం. అంతదాకా బాగానే ఉంది. తిరిగి తగిలించేటప్పుడు మామ అద్దాన్ని కావలించుకుని పైకెత్తాడు. నేను స్టూలెక్కి చక్రాలను పట్టాలో కూర్చోబెట్టాలి. ఒకటి కూర్చుంది, రెండోది మొండికేసింది. కిందికి చూశాను. మామ బుగ్గ అద్దానికి అప్పడంలా అంటుకుపోయి ఉంది, రెండు చేతులూ ఖాళీ లేవు. ఇంతకన్నా మంచి ముహూర్తం నా జన్మలో రాదనిపించింది.

“మామా” అన్నాను గుసగుసగా. “నీ బిడ్డను నాకిస్తవా?”

“ముందు చక్రం ఎక్కియ్.”

“ఎక్కిస్త. ఇస్తవా?”

“ఇది పలిగితే శేఠ్ నన్ను మల్ల పనిలకు రానియ్యడురా.”

“గందుకే జర జల్ది చెప్పు.”

“ఇస్త తియ్. ఇగ ఎక్కియ్.”

రెండో చక్రం ఠక్కున కూర్చుంది. శేఠానీ వేలితో తోస్తే తలుపు ఆ చివరిదాకా జారిపోయింది. ఆమె సంబరపడింది. మామ మాత్రం మెట్లు దిగుతూ నా మొహం చూడకుండా, “అద్దం మోసేటోని మాట లెక్కలకు రాదు” అన్నాడు. నా పై ప్రాణాలు పైనే పోయాయి.

అయితే ఆ బాత్రూం కిటికీ బిల్డింగు మధ్య సందులోకి తెరుచుకుంటుంది. సందు అడుగున కూర్చునే వాచ్‌మన్ మా ఊరివైపువాడు. మా గుసగుస మొత్తం ఆయన ఒడిలో పడింది. మేం సైకిలు మీద ఇల్లు చేరేలోపే ఆయన అత్తకు ఫోన్ చేశాడు. గుమ్మంలోకే సేమ్యా పాయసం వాసన వచ్చింది.

“అది అద్దం బరువుకు అన్న మాట” అన్నాడు మామ.

“బిల్డింగంత ఇన్నదట, ఇంక బరువేంది? చేతులు కడుక్కొని రా” అంది అత్త. తలుపు వెనక నా మరదలు మాస్కు లోపల నవ్వుకుంటోంది, భుజాలు కదులుతున్నాయి.

పెళ్లయింది. మామను అద్దం కింద ఇరికించి పిల్లను గెలుచుకున్న నా తెలివిని ఏళ్ల తరబడి ప్రతి ఫంక్షన్‌లోనూ చెప్పుకున్నాను. మామ పక్కనే కూర్చుని వినేవాడు. ఇప్పుడాయనకు చెవులు మందగించాయి. మొన్నొకరోజు దగ్గరికి పోయి, నిజంగానే అరిచి అడిగాను, “మామా, ఆ అద్దం అంత బరువు లేకుంటే బిడ్డనిచ్చేటోడివా?”

“బరువెక్కడిదిరా” అన్నాడు మామ. “నువ్వెప్పుడడుగుతవా అని ఏడాది సూసిన. ఇంక జరసేపు మొయ్యలేనా?”

స్టూలు మీద నిలబడి, తానేదో ఘనకార్యం చేస్తున్నాననుకుంటున్న ఆ కుర్రవాడు గుర్తొస్తే ఇప్పుడు నాకు నవ్వొస్తుంది. అద్దం అవతల బుగ్గ ఆనించుకుని, వాడు నోరు తెరవాలని ఓపిగ్గా ఎదురుచూసిన మామ గుర్తొస్తే మాత్రం కళ్లు చెమరుస్తాయి.